అర్హత చేర్చుకునేటప్పుడే చూడండి, ఆఖరి సెమిస్టర్‌లో కాదు

తెలంగాణ ఉన్నత విద్యామండలి, ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర ఉన్నత విద్యామండలి అధ్యక్షులకు, రెండు రాష్ట్రాల్లోని యూనివర్సిటీల వైస్ ఛాన్సలర్లకు, రిజిస్ట్రార్లకు, ముఖ్యంగా ఆ ఫైళ్లు చేత్తో పట్టుకుని చూసే అకడమిక్ సెక్షన్, ఎగ్జామినేషన్ బ్రాంచ్ ఉద్యోగులకు,

నమస్కారం.

నేను హైకోర్టులో ప్రాక్టీసు చేసే అడ్వకేట్‌ని. చదువులకు సంబంధించిన రిట్లు, అంటే ప్రభుత్వ సంస్థల నిర్ణయాల మీద నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్లు, నా దగ్గరికి ఎక్కువగా వస్తుంటాయి. వాటిలో ఒక రకం కేసు మాత్రం ఏటా తప్పకుండా వస్తుంది, అదీ పరీక్షల ముందో రిజల్ట్స్ వచ్చాకో. కాలేజీ సీటిచ్చింది, ఫీజు కట్టించుకుంది, యూనివర్సిటీ హాల్‌టికెట్లు ఇచ్చింది, మూడు నాలుగు సెమిస్టర్ల మెమోలు కూడా ఇచ్చింది, ఇంకొక్క మెట్టు ఎక్కితే చదువు అయిపోతుంది అనుకునే టైముకి ఒక కాగితం వస్తుంది. మీకు ఈ కోర్సులో చేరే అర్హత లేదని పరిశీలనలో తేలింది, అందువల్ల మీ అడ్మిషన్ రద్దు చేశాం అని అందులో ఉంటుంది. ఆ పరిశీలన ఎవరు చేశారో, ఇన్నాళ్లూ ఎందుకు చేయలేదో, తప్పు ఎవరి దగ్గర జరిగిందో ఒక్క ముక్క ఉండదు. కొన్నిసార్లు ఆ కాగితం కూడా రాదు, రిజల్ట్స్ పేజీలో మార్కులుండాల్సిన చోట ‘విత్‌హెల్డ్’, అంటే ఆపేశాం, అని ఉంటుంది, అంతే.

నేను అడిగేది ఒక్కటే. విద్యార్థి ఏమీ దాచకుండా సర్టిఫికెట్లన్నీ మీ చేతిలో పెట్టాక, వాటిని చూసి అర్హత ఉందో లేదో తేల్చాల్సిన బాధ్యత మీది. దానికి ఒక గడువు పెట్టుకోండి, ఆ గడువు లోపల చెప్పండి. గడువు దాటాక బయటపడిన తప్పు మీది కాబట్టి దాని ఖర్చు మీరు భరించండి, ఆ పిల్లల నెత్తిన రుద్దకండి.

ఒక కేసు చెప్తాను, కాలేజీ పేరు, యూనివర్సిటీ పేరు చెప్పను. ఒకమ్మాయి బీకాం చేసి, ఒక ఆడిటర్ ఆఫీసులో పనిచేస్తూ, లా ఎంట్రన్స్ లాసెట్ రాసి మూడేళ్ల ఎల్‌ఎల్‌బీలో చేరింది. ఓపెన్ కేటగిరీ, అంటే డిగ్రీలో 45 శాతం ఉండాలి. ఆమె డిగ్రీ మెమోలో లాంగ్వేజెస్ ఒక పార్టుగా, గ్రూప్ సబ్జెక్టులు ఇంకో పార్టుగా వేరువేరుగా ప్రింటయ్యాయి. గ్రూప్‌లో 48 దాటి ఉంది, లాంగ్వేజెస్ కూడా కలిపితే 44 చిల్లర. ఆమె కన్సాలిడేటెడ్ మెమో జిరాక్స్ నా ఫైల్లో ఉంది. వెరిఫికేషన్‌లో కూర్చున్నాయన గ్రూప్ పార్టు పక్కన ఆకుపచ్చ ఇంకుతో 48 అని వేసి, సున్నా చుట్టి, పక్కన టిక్కు పెట్టి, కింద పొట్టి సంతకం చేశాడు. రెండు పార్టుల టోటల్స్ అదే కాగితం మీద, ఆయన వేలికి రెండంగుళాల దూరంలో ఉన్నాయి. కాలేజీ ఆ కాగితాన్నే యూనివర్సిటీకి పంపింది, యూనివర్సిటీ దాన్నే ఆమోదించింది. ఆ అమ్మాయి నాలుగు సెమిస్టర్లు పాసైంది, ఒక్క బ్యాక్‌లాగ్ లేదు. ఐదో సెమిస్టర్ ఎగ్జామ్ ఫీజు కట్టడానికి వెళ్తే నీ పేరు ఆగిపోయింది, యూనివర్సిటీకి వెళ్లి కనుక్కో అన్నారు. కౌంటర్ల చుట్టూ తిరిగి తిరిగి, చివరికి ఒకాయన ఫైలు తీసి చూపించి, “నీకు 45 లేవు కదమ్మా, ఎందుకు చేరావు?” అని అడిగాడట.

ఆ ప్రశ్న ఆమెను అడిగారు. ఆకుపచ్చ ఇంకు ఆయన్ని ఎవరూ అడగలేదు. ఆమె తరఫున నేను రిట్ వేస్తే, యూనివర్సిటీ జవాబుగా కోర్టుకిచ్చిన కౌంటర్ అఫిడవిట్‌లో కూడా ఆయన ప్రస్తావన లేదు, ‘పొరపాటున అడ్మిషన్ ఇవ్వబడింది’ అని ఉంది, ఎవరు ఇచ్చారన్నది లేదు.

ఎందుకిలా జరుగుతోందో నాకు కొంత తెలుసు కాబట్టి కింది ఉద్యోగుల మీద కోపంతో ఇది రాయడం లేదు. కౌన్సెలింగ్ రోజుల్లో హెల్ప్‌లైన్ సెంటర్ దగ్గర పరిస్థితి చూసినవాళ్లకు అర్థమవుతుంది. నాలుగు టేబుళ్లు, వాటి వెనక డ్యూటీ వేసిన లెక్చరర్లు, ముందు వరండా దాకా క్యూ, ప్రతి ఫైల్లో టెన్త్ మెమో నుంచి టీసీ, కాస్టు, ఇన్‌కం, స్టడీ సర్టిఫికెట్ల దాకా బొత్తి. ఒక్కో ఫైలుకు కాసేపు కూడా టైముండదు. అక్కడ తప్పులు జరుగుతాయి, జరగకుండా ఉండవు. అందుకే కదా రెండో పరిశీలన అని ఒకటి పెట్టుకున్నాం, కాలేజీ లిస్టు పంపితే యూనివర్సిటీ చూసి ఆమోదించాలి (ర్యాటిఫై చేయాలి) అని. ఆ రెండో పరిశీలన టైముకి జరిగితే ఈ లేఖే అక్కర్లేదు. అది జరగడంలేదు. కౌన్సెలింగ్ పూర్తయ్యి, స్పాట్ అడ్మిషన్లు కూడా అయిపోయి, కాలేజీలు లిస్టులు పంపడం ఆలస్యమై, పంపినవి సెక్షన్లో పడి ఉండి, ఈలోగా మొదటి సెమిస్టర్ పరీక్షలు వచ్చేస్తాయి. సరే హాల్‌టికెట్లు ఇచ్చేద్దాం, తర్వాత చూసుకుందాం అంటారు. ఆ తర్వాత ఎప్పుడో ఆడిట్‌లోనో, ఎవరో ఫిర్యాదు చేస్తేనో, ప్రొవిజనల్ సర్టిఫికెట్ కోసం అప్లై చేసినప్పుడో బయటపడుతుంది.

కోర్టుకు వచ్చినప్పుడు మీ స్టాండింగ్ కౌన్సిల్, అంటే మీ తరఫున వాదించే లాయరు, ముందుగా బయటికి తీసే కాగితం ఒకటుంది. చేరేటప్పుడు విద్యార్థితో, తల్లిదండ్రులతో సంతకం చేయించుకున్న అండర్‌టేకింగ్. ‘ఈ అడ్మిషన్ తాత్కాలికం, ఎప్పుడైనా అర్హత లేదని తేలితే రద్దుకు అభ్యంతరం లేదు’ అని. ఆ సంతకం పెట్టకపోతే సీటు లేదు, అందరూ పెడతారు. మూడేళ్ల కోర్సు మూడేళ్లూ తాత్కాలికమే అయితే, మీ దగ్గర పరిశీలన అనే పనికి అర్థమేముంది? ఎప్పుడైనా అనే మాట మీకు గడువు లేకుండా చేస్తోంది, అసలు గొడవంతా అక్కడే ఉంది.

ఇది ఇవాళ పుట్టిన గొడవ కాదు, సుప్రీంకోర్టు దీని మీద యాభై ఏళ్లుగా చెబుతూనే ఉంది. 1975లో కురుక్షేత్ర యూనివర్సిటీ కేసు. ఉద్యోగం చేసుకుంటూ లా చదువుతున్న ఒకాయనకు అటెండెన్స్ తక్కువైంది. అయినా పరీక్ష రాయనిచ్చారు, తర్వాత తీరిగ్గా రద్దు చేశారు, పైగా ఆయన విషయం దాచి మోసం చేశాడన్నారు. జస్టిస్ ఫజల్ అలీ రాసిన ఆ తీర్పు ఇప్పటికీ మాకు మొదటి ఆయుధం. దరఖాస్తు వచ్చినప్పుడు అన్నీ సరిగా ఉన్నాయో లేదో చూసుకోవాల్సింది డిపార్ట్‌మెంటూ, యూనివర్సిటీనూ. కాస్త శ్రద్ధ పెడితే తెలిసిపోయే సంగతిని చూసుకోకుండా వదిలేసి, తర్వాత మోసం జరిగిందంటే కుదరదు. ఒకసారి పరీక్షకు కూర్చోబెట్టాక వెనక్కి లాగే హక్కు పోతుంది. ఇదీ ఆ తీర్పు సారం.

1990లో బరంపురం యూనివర్సిటీ కేసు. బరంపురం మనకు పరాయి ఊరేం కాదు, శ్రీకాకుళం జిల్లా దాటి ఒడిశాలోకి వెళ్తే వచ్చేదే, బజార్లో తెలుగు వినిపించే ఊరే. అక్కడ ఒక విద్యార్థి తన ఎంఏ మార్కుల షీటు జత చేసి మరీ లా కోర్సుకు అప్లై చేశాడు, సీటొచ్చింది, చదువుతూ వచ్చాడు, పరీక్షలు రాయనిచ్చారు. రిజల్ట్ ఇవ్వాల్సి వచ్చినప్పుడు నీకు కావాల్సిన మార్కులు లేవన్నారు. మార్కుల షీటు మీ చేతిలోనే ఉంది కదా, అప్పుడు చూసి ఇప్పుడు కాదనడానికి వీల్లేదు అని కోర్టు రిజల్ట్ ప్రకటించమంది. నా క్లయింట్ కేసుకూ దీనికీ పెద్ద తేడా ఏముందో మీరే చెప్పండి. 2008లో గురునానక్ దేవ్ యూనివర్సిటీ కేసు ఇంకా స్పష్టం. దూరవిద్యలో చేసిన ఎంఏను అక్కడ లా అడ్మిషన్‌కు సమానంగా గుర్తించరు, కాబట్టి అతనికి అర్హత లేదనే కోర్టు తేల్చింది. కానీ అతను ఏదీ దాచలేదు, చేర్చుకున్నది యూనివర్సిటీ, తప్పు యూనివర్సిటీది, కాబట్టి కోర్సు పూర్తి చేయనివ్వండి అని చెప్పింది. అర్హత లేకపోవడం వేరు, అందుకు శిక్ష ఎవరికి పడాలి అనేది వేరు. నేను ఈ లేఖలో చెప్పేది ఆ తేడా గురించే.

1986లో కర్ణాటక ఇంజినీరింగ్ కాలేజీల కేసు కూడా గుర్తుచేయాలి. రాజస్థాన్ నుంచి వచ్చిన పిల్లల హయ్యర్ సెకండరీ అక్కడి రెండేళ్ల పీయూసీకి (మన ఇంటర్ లాంటిది) సమానం కాదు, అయినా క్యాపిటేషన్ ఫీజులు తీసుకుని చేర్చుకున్నారు. అర్హత లేదన్న యూనివర్సిటీ మాటే నిజమని ప్రధాన న్యాయమూర్తి భగవతి ఒప్పుకున్నారు. ఒప్పుకుని కూడా, డబ్బు తీసుకుని చేర్చుకున్న కాలేజీల తప్పుకు పిల్లలు బలి కాకూడదని వాళ్లను చదువు కొనసాగించనిచ్చారు.

ఇవన్నీ చెప్పి అవతలి పక్కవి దాచేస్తే అది నిజాయితీ కాదు. మీ వైపు తీర్పులు కూడా బోలెడున్నాయి, మీ లాయర్లు అవే చదువుతారు. అదే 1986లో మన వికారాబాద్‌లో పర్మిషన్ లేకుండా మెడికల్ కాలేజీ అని బోర్డు పెట్టి పిల్లల్ని చేర్చుకున్న సొసైటీ కేసులో జస్టిస్ చిన్నపరెడ్డి చాలా గట్టిగా చెప్పారు. యూనివర్సిటీ పుట్టిందే ఒక చట్టం కింద, ఆ చట్టాన్ని మీరమని ఆ యూనివర్సిటీకే మేం ఆజ్ఞ వేయలేం అన్నారు. పిల్లలు పరీక్షలకు కూర్చోలేకపోయారు. 2008లో కేరళ మహాత్మాగాంధీ యూనివర్సిటీ కేసులో నిర్ణీత మార్కులు లేకుండా పీజీలో చేరిన విద్యార్థి మీద చూపిన జాలి తప్పుడు జాలి అన్నారు. 2010లో మహర్షి దయానంద్ యూనివర్సిటీ కేసులో రూలుకు విరుద్ధంగా జరిగినదాన్ని పట్టుకుని, మీరే ఒప్పుకున్నారు కదా అని యూనివర్సిటీని కట్టడి చేయలేరన్నారు. విద్యార్థి వినియోగదారుడు కాడు, కన్జ్యూమర్ ఫోరమ్‌కు వెళ్లడానికి లేదు అని కూడా అందులోనే ఉంది. అంటే ఉన్న ఒక చవకైన దారి కూడా మూసుకుపోయింది, హైకోర్టు రిట్టే గతి.

మెడికల్ సీట్ల దగ్గరికొస్తే ఇంకా అయోమయం. ఉత్తరప్రదేశ్‌లో ఉన్నావ్ దగ్గర ఒక కాలేజీ 2017లో కౌన్సెలింగ్‌ను పక్కనపెట్టి 132 మందిని సొంతంగా చేర్చుకుంది. 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఆ అడ్మిషన్లు తప్పేనంది, కానీ పిల్లలు అప్పటికే చాలా దూరం వచ్చేశారు కాబట్టి చదువు పూర్తి చేసుకోనిచ్చి, ఆ తర్వాత రెండేళ్లు సమాజ సేవ చేయాలని, కాలేజీ ట్రస్టు 5 కోట్లు కట్టాలని, అది పిల్లల దగ్గర వసూలు చేయకూడదని చెప్పింది. అదే ఏడాది ఆగస్టులో, అదే రాష్ట్రంలో సహారన్‌పూర్ దగ్గర ఇంకో కాలేజీ, అదే రకం తప్పు, ఈసారి పిల్లలకు ఊరట దొరకలేదు, దొడ్డిదారి అడ్మిషన్లను సహించలేమన్నారు. అంతకుముందు 2017లో కేరళలో కన్నూర్, కరుణ కాలేజీల్లో 180 మంది అడ్మిషన్లను కాపాడటానికి ప్రభుత్వం ఏకంగా ఆర్డినెన్సు తెచ్చింది, 2018లో సుప్రీంకోర్టు దాన్నే కొట్టేసింది. దాదాపు అసెంబ్లీ అంతా, ప్రతిపక్షంతో సహా, పిల్లల వెనక నిలబడినా వాళ్ల సీట్లు నిలవలేదు.

ఆ మెడికల్ కేసుల్లో నేను కోర్టు మాటను చాలామటుకు ఒప్పుకుంటాను. కౌన్సెలింగ్‌లో పేరు లేదని తెలిసీ, మేనేజ్‌మెంట్‌కు లక్షలు కట్టి చేరినవాళ్లూ, గ్రూప్ మార్కులూ టోటల్ మార్కులూ తేడా తెలియక ఉన్నదున్నట్టు మెమో ఇచ్చిన అమ్మాయీ ఒకటి కాదు. దొంగ కాస్ట్ సర్టిఫికెట్ పెట్టినవాడికీ, మెమో దిద్దినవాడికీ నేను వకాల్తా వేయను, వాళ్లకు గడువూ వద్దు గిడువూ వద్దు, పదేళ్ల తర్వాత తెలిసినా డిగ్రీ వెనక్కి తీసుకోండి. నా గొడవ ఏమిటంటే, మీ నోటీసులు ఈ ఇద్దరికీ ఒకే భాషలో వస్తాయి. ‘తప్పుగా పొందిన అడ్మిషన్’ అని రాస్తారు. ఆమె పొందలేదు, మీరు ఇచ్చారు.

కోర్టుకెళ్లితే ఏమవుతుందో కూడా చెప్పాలి, ఎందుకంటే మీలో చాలామంది “కోర్టుకెళ్లి తెచ్చుకోమ్మా ఆర్డర్, మేం ఇస్తాం” అంటారు, అదేదో చిన్న పని అన్నట్టు. పరీక్ష వారంలో ఉందనగా రిట్ వేస్తాం. మీ స్టాండింగ్ కౌన్సిల్ ఇన్‌స్ట్రక్షన్స్ తీసుకోవాలి, టైమ్ కావాలి అంటారు. జడ్జిగారు పిల్ల భవిష్యత్తు చూసి, పరీక్ష రాయనివ్వండి, రిజల్ట్ మాత్రం సీల్డ్ కవర్లో పెట్టండి, ఫైనల్ తీర్పుకు లోబడి ఉంటుంది అంటారు. అందరూ ఊపిరి పీల్చుకుంటారు, అసలు టెన్షన్ అక్కడ మొదలవుతుంది. కౌంటర్ వేయడానికి నెలలు, లిస్టులోకి రావడానికి ఇంకొన్ని నెలలు. ఈలోగా ఆ పిల్ల ఇంకో సెమిస్టర్ చదువుతుంది, ఇంకో ఫీజు కడుతుంది, ఇంకో సీల్డ్ కవర్ పడుతుంది. 1993లోనే గురునానక్ దేవ్ యూనివర్సిటీకి సంబంధించిన మరో కేసులో సుప్రీంకోర్టు, జాలితో ఇచ్చే ఇలాంటి మధ్యంతర ఉత్తర్వుల వల్ల ఎవరికీ మేలు జరగదని చెప్పింది. నాకు ఆ ఆర్డర్లు తెచ్చిపెట్టడమే వృత్తి, అయినా ఆ మాట నిజమే. చివరికి ఓడిపోతే పోయేది ఒక్క ఏడాది కాదు, ఆ మధ్యంతర ఉత్తర్వు నడిపించిన ఏళ్లన్నీ పోతాయి.

లా కోర్సు సంగతి ప్రత్యేకంగా చెప్పాలి, ఎందుకంటే మన రెండు రాష్ట్రాల్లో ఇది చాలా ఇళ్లను తాకింది. 1982లో దేశంలోనే మొదటి సార్వత్రిక విశ్వవిద్యాలయం పెట్టింది మనం, ఇప్పుడది అంబేద్కర్ సార్వత్రిక విశ్వవిద్యాలయం. ఇంటర్ కూడా పూర్తి చేయలేకపోయినవాళ్లు అర్హత పరీక్ష రాసి నేరుగా డిగ్రీ చేసే వీలు కల్పించింది. పెళ్లిళ్లతో, పనులతో, పేదరికంతో చదువు ఆగిపోయిన ఎంతోమంది దాని వల్ల గ్రాడ్యుయేట్లయ్యారు, ప్రమోషన్లు తెచ్చుకున్నారు. ఆ యూనివర్సిటీ అంటే నాకు గౌరవం. అయితే బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా 2008 లీగల్ ఎడ్యుకేషన్ రూల్స్‌లో ఐదో రూలు కింద ఒక వివరణ ఉంది. ప్రాథమిక అర్హత లేకుండా ఓపెన్ పద్ధతిలో నేరుగా ఇంటర్ గానీ డిగ్రీ గానీ చేసినవాళ్లు లా కోర్సులకు అర్హులు కారు అని. ఈ రూలు మంచిదా చెడ్డదా అన్నది వేరే చర్చ, నా దృష్టిలో చాలా కఠినం. కానీ అది ఉంది, ఉన్నప్పుడు దాన్ని ఎంట్రన్స్ అప్లికేషన్ దగ్గరే, కౌన్సెలింగ్ టేబుల్ దగ్గరే చెప్పాలి. ఇంటర్ మెమో లేని ఫైలు చేతికి రాగానే తెలిసిపోయే విషయం ఇది. అలా కాకుండా సీటిచ్చి, మూడేళ్లు చదివించి, పట్టా చేతికిచ్చాక, ఆ మనిషి ఎన్‌రోల్‌మెంట్ కోసం, అంటే లాయరుగా పేరు నమోదుకు, బార్ కౌన్సిల్‌కు వెళ్తే అక్కడ ఇంటర్ మెమో ఏది అని అడుగుతారు. నలభై ఏళ్లు దాటి, ఉద్యోగం వదులుకుని, లాయరవుదామని వచ్చిన మనిషి ఆ కౌంటర్ ముందు నల్లకోటు చేతిమీద వేసుకుని నిలబడి ఉండటం నేను చూశాను. యూనివర్సిటీని అడిగితే మా డిగ్రీ చెల్లుతుంది, ఎన్‌రోల్‌మెంట్ మా చేతిలో లేదు అంది. కాలేజీని అడిగితే కౌన్సెలింగ్ నడిపిన కన్వీనర్ సీటిచ్చాడు, మేం చేర్చుకున్నాం అంది.

ఇంకో మనిషి కూడా ఉన్నారు, వాళ్ల గురించి మా లాయర్లం తక్కువ మాట్లాడతాం. అర్హత లేని ఒకరికి సీటు ఇచ్చినప్పుడల్లా, అర్హత ఉన్న ఇంకొకరికి ఆ సీటు రాలేదు. 45.2 ఉండి, ర్యాంకు కొద్దిలో తప్పి, ఇంటికెళ్లిపోయిన పిల్లవాడు ఒకడుంటాడు. అతనికి ఈ కేసు నడుస్తున్నట్టు కూడా తెలియదు. ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్లిన ఒక ఎంబీబీఎస్ కేసులో 2019 డిసెంబరులో ముగ్గురు జడ్జిల సుప్రీంకోర్టు ధర్మాసనం ఒక మంచి దారి చూపింది. విద్యార్థి తప్పేమీ లేకుండా, అధికారుల తప్పు వల్ల సీటు పోతే, ఆలస్యం చేయకుండా కోర్టుకొస్తే, నష్టపరిహారం ఇచ్చి సరిపెట్టేయకుండా వీలైతే ఆ ఏడాదే, కుదరకపోతే తర్వాతి ఏడాది సీటే ఇవ్వమంది. ఇది కూడా త్వరగా తెలిస్తేనే పనికొస్తుంది. మొదటి నెలలోనే మీరు ఆకుపచ్చ టిక్కు తప్పు పట్టుకుని ఉంటే ఆ అమ్మాయి వేరే కోర్సులో చేరేది, ఆ 45.2 పిల్లవాడు ఆ బెంచీలో కూర్చునేవాడు. ఐదో సెమిస్టర్‌లో పట్టుకోవడం వల్ల ఇద్దరికీ ఒరిగిందేమీ లేదు.

కాబట్టి మీరు చేయగలిగేవి చెప్తాను, ఇవన్నీ మీ చేతిలో ఉన్నవే, అసెంబ్లీలో చట్టం అక్కర్లేదు. అడ్మిషన్లు ముగిసిన తేదీ నుంచి 60 రోజులు, లేదా మొదటి సెమిస్టర్ ఎగ్జామ్ ఫీజు కట్టే చివరి తేదీ, ఏది ముందైతే అది, ఆలోగా ప్రతి విద్యార్థి అర్హతనూ యూనివర్సిటీ తేల్చాలి. తేల్చడమంటే లిస్టు మీద స్టాంపు కాదు, ఏ మెమోలో ఏ టోటల్ తీసుకున్నారు, ఎంత శాతం వచ్చింది, ఎవరు చూశారు అని ఒక్కో పేరు పక్కన రాయడం. అది విద్యార్థి లాగిన్‌లో కనిపించాలి, తన శాతం ఎలా లెక్కగట్టారో తనే చూసుకోవాలి, తేడా ఉంటే తనే ముందు చెప్తుంది. శాతం లెక్కలో గ్రూపా టోటలా, రౌండింగ్ ఉందా లేదా అన్నది నోటిఫికేషన్‌లోనే ఒక ఉదాహరణతో వేయండి. సగం తప్పులు అక్కడే ఆగిపోతాయి.

ఆ గడువు దాటిపోతే, విద్యార్థి దాచింది ఏమీ లేకపోతే, ఆ అడ్మిషన్ మీ దృష్టిలో ఖాయమైపోవాలి, మీరే రాసుకోండి ఆ రూలు. బార్ కౌన్సిల్ లాంటి పై సంస్థ నిబంధన అడ్డొచ్చి ఖాయం చేయలేని పరిస్థితి ఉంటే, అప్పుడు కట్టిన ఫీజంతా తిరిగివ్వండి, పోయిన ఏళ్లకు పరిహారం ఇవ్వండి, రాసిన సబ్జెక్టుల్లో క్రెడిట్లు పనికొచ్చే వేరే కోర్సు ఉంటే దాంట్లో చేర్చుకోండి. ఆ డబ్బు తప్పు చేసిన కాలేజీ నుంచో, సెక్షన్ నుంచో మీరు రాబట్టుకోండి. ఉన్నావ్ కాలేజీ దగ్గర 5 కోట్లు కట్టించగలిగినప్పుడు ఇదేమీ కొత్త ఆలోచన కాదు.

రద్దు చేసే ముందు నోటీసివ్వండి. తెలుగులో కూడా ఇవ్వండి, కారణం రాసి, కనీసం పదిహేను రోజులు టైమిచ్చి, పిలిచి వినండి. వెబ్‌సైట్‌లో విత్‌హెల్డ్ అని పెట్టడం నోటీసు కాదు. రద్దు చేశాక ఒరిజినల్స్ ఇవ్వడానికి మిగిలిన ఫీజు కట్టమనే కాలేజీలను ఆపండి, ఒరిజినల్స్ దగ్గర పెట్టుకోకూడదని యూజీసీ 2018లోనే చెప్పింది. 2023 యూజీసీ నిబంధనల ప్రకారం ప్రతి యూనివర్సిటీలో విద్యార్థుల ఫిర్యాదుల కమిటీ, దాని మీద అప్పీళ్లు వినడానికి పైన ఓంబుడ్స్‌పర్సన్ ఉండాలి, కమిటీ 15 పనిదినాల్లో, ఓంబుడ్స్‌పర్సన్ 30 రోజుల్లో తేల్చాలి, అడ్మిషన్లలో అవకతవకలు కూడా అందులోకి వస్తాయి. నా దగ్గరికొచ్చే పిల్లల్లో ఆ కమిటీ ఉందని తెలిసినవాళ్లు నాకు తారసపడలేదు. రద్దు నోటీసు కిందే ఆ కమిటీ అడ్రసూ, ఓంబుడ్స్‌పర్సన్ మెయిలూ ప్రింటు చేయండి, చాలామంది హైకోర్టు దాకా రావాల్సిన పనే ఉండదు.

ఇలా చేస్తే ప్రమాణాలు పడిపోతాయని, అర్హత లేనివాళ్లంతా గడువు దాటే దాకా దాక్కుంటారని ఒక రిజిస్ట్రార్‌గారు నాతో అన్నారు. సర్టిఫికెట్లన్నీ మీ బీరువాలో పెట్టి ఎవరూ దాక్కోలేరు. గడువు పెట్టుకుంటే ప్రమాణాలు పెరుగుతాయి, ఎందుకంటే 60 రోజుల్లో చూడాల్సి వస్తే నిజంగా చూస్తారు. ఇప్పుడు ఎప్పుడైనా చూడొచ్చు కాబట్టి ఎవరూ చూడటం లేదు.

ఆ అమ్మాయి రిట్ ఇంకా పెండింగ్‌లో ఉంది. ఆరో సెమిస్టర్ కూడా రాసింది, రెండు కవర్లు సీల్ వేసి మీలో ఒకరి దగ్గర ఉన్నాయి. తీర్పు ఎలా వస్తుందో నేను చెప్పలేను, తీర్పులు రెండు వైపులా ఉన్నాయని పైనే రాశాను. కానీ యూనివర్సిటీ తనంతట తానే, మా సెక్షన్లో జరిగిన పొరపాటు ఇది, ఈమె ఏదీ దాచలేదు, రిజల్ట్ ఇవ్వడానికి మాకు అభ్యంతరం లేదు అని రెండు వాక్యాల మెమో కోర్టులో వేస్తే, విచారణ ఎంత సులువవుతుందో మీ స్టాండింగ్ కౌన్సిల్‌ను అడగండి. ఆయనకూ తెలుసు.

వచ్చే అడ్మిషన్ల నోటిఫికేషన్ బయటికి రాకముందే ఈ గడువు గురించి ఒక సర్క్యులర్ తీయమని రెండు మండళ్లనూ కోరుతున్నాను. ముసాయిదా రాసిపెట్టుకున్నాను, నాలుగు పేజీలు, ఎప్పుడు పిలిస్తే అప్పుడు తెచ్చి ఇస్తాను, దానికి ఫీజేమీ అక్కర్లేదు. పిలవకపోయినా ఈ నెలాఖరులోగా రెండు ఆఫీసుల ఇన్‌వర్డ్ సెక్షన్లలో ఇచ్చి నంబరు వేయించుకుంటాను.

ఇట్లు,
హైకోర్టులో విద్యార్థుల కేసులు వాదించే ఒక న్యాయవాది